సంపెంగి ఇంటికి పైగొంతు

లిఫ్టుకి ఇంకా 21 రోజులు

ఈ రోజు కొత్త పని ఒప్పుకున్నాను. వాసుపల్లి కొర్లయ్య ఇల్లు, మూడో వరస. రెండు గదులకి వైరు లేని స్పీకర్లు ఎంచి, బిగించి, వాటిలో పైగొంతు పలికించాలి. నేను, గరికిన నూకరత్నం, ఈ దిగువపేటలోనే పుట్టి ఈ దిగువపేటలోనే పద్నాలుగేళ్లుగా స్పీకర్లు బిగిస్తున్నదాన్ని. నేను పెట్టిన పెట్టెని మళ్లీ విప్పించుకున్న ఇల్లు ఇంతవరకూ లేదు. గొప్పలు కాదు, ఉన్నమాటే రాస్తున్నాను.

కొర్లయ్య కూతురు సంపెంగికి ఐదేళ్లు. గుండెలో చిన్న రంధ్రం ఉంది. నూట యాభై మీటర్ల నీటి అడుగున గుండె ఆపరేషన్ చేసే ఏర్పాటు మాకు లేదు. పిల్లని పైకి, ఓడ మీది ఆసుపత్రికి తీసుకెళ్లాలి. ఆ ఓడకి గుండె డాక్టరు ఏడాదికి ఒక్కసారే వస్తాడు, వారం ఉండి వెళ్లిపోతాడు. ఈ ఏడు తప్పితే వచ్చే ఏటిదాకా ఆ గుండె ఆగుతుందని ఎవరూ హామీ ఇవ్వడం లేదు. తల్లి పైడితల్లికి ఎనిమిదో నెల. కడుపుతో ఉన్నవాళ్లని లిఫ్టు ఎక్కనివ్వరు. కాబట్టి వెళ్లేది తండ్రీ కూతురూ మాత్రమే.

ఇక గొంతు సంగతి. ఇంత లోతులో మామూలు గాలి పీలిస్తే మనిషికి మత్తెక్కుతుంది, అందుకని మేం పీల్చేది హీలియం కలిపిన గాలి. హీలియంలో గొంతు సన్నబడి పిచ్చుక అరిచినట్టు ఉంటుందట. 'అట' అని ఎందుకంటున్నానంటే, ఇక్కడ పుట్టినవాళ్లు ఎదురుగా మనిషి నోట విన్న గొంతు అదొక్కటే. సంపెంగికి నాన్న అంటే ఆ సన్నగొంతే. పైకి వెళ్లి మామూలు గాలి పీల్చగానే అదే నాన్న లావుపాటి గొంతుతో మాట్లాడతాడు. చిన్నపిల్లలు హడలిపోతారు. అందుకే పిల్లని మొదటిసారి పైకి పంపే ఇంట్లో, మూడు వారాల ముందు నుంచీ ఇంటివాళ్ల పైగొంతుని స్పీకర్లలో వినిపించడం మా పేటలో ఆనవాయితీ. స్పీకరుకి గొంతుక ఉండదు కాబట్టి ఏ గాలిలో ఉన్నా ఇచ్చిన శబ్దాన్ని ఇచ్చినట్టే పలుకుతుంది. కొర్లయ్య మాటల్ని దిద్దుడు యంత్రంలో వేసి, పైన ఎలా వినిపిస్తాయో అలా మార్చి అందులోంచి పలికిస్తాను.

"మూడు వారాల్లో గుంట అలవాటు పడతాదేటి రత్తం?" అని అడిగింది పైడితల్లి.

"వారం సాలొదినా," అన్నాను.

లిఫ్టుకి ఇంకా 20 రోజులు

స్పీకర్లు ఎంచడానికి కొర్లయ్యని వెంటబెట్టుకుని స్టోరుకి వెళ్లాను. మూడు రకాలున్నాయి. మనిషి నేరుగా వెళ్లి నిలువుగా, చెక్క రంగులో నిగనిగలాడుతున్నవాటి దగ్గర నిలబడ్డాడు.

"ఇయ్యి తీసీసుకుందుమా?"

"తీసుకోన్నా. రెండు రోజులు పలుకుతాయి, మూడోనాడు బట్టలు ఆరేసుకోడానికి పనికొస్తాయి."

వైరు లేని స్పీకర్లు ఒకదాంతో ఒకటి అడుగు కలిపి పలకాలంటే ఒక్కోదాని లోపల ఒక గడియారం ఉండాలి. ఈ నిగనిగల రకంలో ఆ గడియారం ఆవగింజంత. హీలియం ఎంత గట్టిగా మూసిన డబ్బాలోకైనా దూరిపోతుంది. దూరిందంటే ఆ గడియారం ఆగిపోతుంది, దాంతోపాటు స్పీకరూ మూగబోతుంది. రెండో రకం గుండ్రటివి, గాలి చొరకుండా మూసేసినవి. కిందికి దించేటప్పుడే ఒత్తిడికి వాటి ముందు పొర లోపలికి నొక్కుకుపోయింది. స్టోరువాడు ఆ సొట్టలు కనబడకుండా గోడవైపు తిప్పి పెట్టాడు. నేను ఇటు తిప్పి పెట్టాను. మూడో రకం బూడిదరంగు పెట్టెలు. చూడటానికి ఏమీ బాగుండవు. లోపల రాయి ముక్కతో నడిచే పాతకాలం గడియారం ఉంటుంది, ఒత్తిడి సర్దుకోవడానికి వెనక సూది మొనంత బెజ్జం ఉంటుంది. అవి మూడు తీసుకున్నాను.

"ఇదేటే రత్తం, అట్టపెట్టె నాగున్నాది?" అన్నాడు కొర్లయ్య మొహం చిన్నబుచ్చుకుని.

"నీకు అందం కావాలా, నీ కూతురికి నీ గొంతు కావాలా?"

దాంతో పెట్టెలు మోసుకుని నోరు మూసుకుని వెంట వచ్చాడు.

లిఫ్టుకి ఇంకా 18 రోజులు

బిగించడం అయింది. ముందు గదిలో రెండు, పడక గదిలో ఒకటి. మా గోడలన్నీ ఇనుమే, తలుపు మూస్తే సిగ్నలు రెండో గదిలోకి వెళ్లదు. కేబుల్ వెళ్లే కన్నం దగ్గర చిన్న అందింపు డబ్బా పెట్టాను, దారి దొరికింది. గోడలకి బొంతలు వేలాడదీయించి మోత తగ్గించాను.

ఈ పెట్టెలు వాటంతటవే గది కొలుచుకుంటాయి. ఒక టిక్కు కొట్టి, ఎదుటి గోడకి తగిలి తిరిగొచ్చేసరికి ఎంతసేపు పట్టిందో చూసి దూరం కడతాయి. పైన గాలి లెక్కతో కడతాయి. ఇక్కడ శబ్దం రెండున్నర రెట్లు పరిగెడుతుంది. నాలుగు మీటర్ల దూరంలో ఉన్న గోడ మీటరున్నరలో ఉందని చెప్పాయి. యంత్రం మాట నమ్మేవాళ్లు ఇక్కడే బోల్తా పడతారు. నేను టేపు పెట్టి కొలిచి నా చేత్తో లెక్క ఎక్కించాను. రెండింటినీ గోడ మీద ఎత్తుగా పెట్టి, కుర్చీ వైపు కొంచెం వంచాను. ఆ కుర్చీలో కూర్చుంటే శబ్దం సరిగ్గా మొహానికి ఎదురుగా నిలబడింది.

తర్వాత కొర్లయ్య గొంతు దిద్దాను. యంత్రం తనకి తోచిన అంకె ఒకటి చూపించింది. దాన్ని పక్కన పెట్టి, చెవితో వింటూ నాలుగు మెట్లు కిందికి దించాను. గొంతు గదంతా నిండుగా, గంభీరంగా పలికింది. కొర్లయ్య పందొమ్మిదేళ్లకే కిందికి దిగినవాడు, తన పైగొంతు ఎలా ఉండేదో ఎప్పుడో మరిచిపోయాడు; ఇది విని మీసం మీద చెయ్యి వేసుకున్నాడు.

లిఫ్టుకి ఇంకా 17 రోజులు

సంపెంగిని కుర్చీలో కూర్చోబెట్టి వినిపించాం. "అమ్మా సంపెంగీ, నాను నాన్నని" అని పలికింది స్పీకరు. పిల్ల కుర్చీ దిగి మంచం కిందికి దూరింది. మొదటిరోజు కదా, మామూలే.

లిఫ్టుకి ఇంకా 14 రోజులు

మామూలు కాదు. పిల్ల ముందు గదిలోకి రావడమే మానేసింది. స్పీకరు పలకగానే చెవులు మూసుకుని గుక్క తిప్పుకోకుండా ఏడుస్తోంది. అంత ఏడుపు ఆ గుండెకి మంచిది కాదని నర్సు చెప్పి వెళ్లింది. బొంతలు మార్చాను. శబ్దం తగ్గించాను. పెట్టెలు మళ్లీ విప్పి బిగించాను. అన్నీ సరిగ్గానే ఉన్నాయి, ఆ సంగతి నాకు ముందే తెలుసు.

ఈ రోజు ఇంకా ఘోరం జరిగింది. కొర్లయ్య పని నుంచి వచ్చి మామూలుగా, తన సన్నగొంతుతో పిలిస్తే కూడా పిల్ల దగ్గరికి రాలేదు.

"ఏటమ్మా, నాన్నే కదా!" అని బతిమాలాను.

సంపెంగి తల్లి చీర కుచ్చిళ్లలోంచి ఒక కన్ను మాత్రం బయట పెట్టింది. "బూచోడు నాన్నని మింగీసినాడత్తా. లోపల్నించి ఆడే మాటాడతన్నాడు."

 కొర్లయ్య బూట్లు విప్పుకోకుండా అలాగే కూర్చుండిపోయాడు.  ఉన్న నాన్నని కూడా పిల్లకి దూరం చేశాను.

లిఫ్టుకి ఇంకా 12 రోజులు

కొర్లయ్య తల్లి కాసులమ్మ పెద్దమ్మ పేట ఆసుపత్రిలో మోకాలి వైద్యం అయ్యి ఇవాళే ఇంటికి వచ్చింది. ఆవిడ పైన పుట్టి పైన పెరిగిన మనిషి. కొడుక్కి ఇక్కడ ఉద్యోగం వచ్చాక, యాభై ఏళ్ల వయసులో కిందికి దిగింది. వస్తూనే స్పీకరు విని గుమ్మంలోనే ఆగిపోయింది.

"ఎవుల్దే ఆ గొంతు?"

"మీ కొర్లయ్యదే పెద్దమ్మా. పైగొంతు."

"నా కొడుకుదా! దున్నపోతు జలుబు సేసి అరిసినట్టున్నాది. గుంట దడుసుకోక ఏటి సేస్తాది?"

నాకు ఒళ్లు మండింది. పద్నాలుగేళ్ల అనుభవం గురించి, నా చెవి గురించి నాలుగు మాటలు గట్టిగానే అన్నాను. ఆవిడ అంతా విని, కర్ర పక్కన పెట్టి నెమ్మదిగా కూర్చుంది.

"నివ్వెప్పుడైనా పైకెల్లినావేటే?"

"నేదు."

"మరి పైనోళ్ల గొంతు ఎలగుంటాదో నీకెవులు సెప్పినారు?"

జవాబు నాకు తెలుసు. సినిమాలు. పైనుంచి వచ్చే సినిమాల్లో హీరోలు మాట్లాడినట్టే పైన మగవాళ్లంతా మాట్లాడతారని చిన్నప్పటి నుంచీ అనుకుంటున్నాను. వెల్డింగు పని చేసుకునే కొర్లయ్యకి, విలన్ని సవాలు చేసే హీరో గొంతు పెట్టాను. ఐదేళ్ల పిల్ల ముందు పెట్టి, భయపడకు, నాన్నే అని చెప్పాను.

లిఫ్టుకి ఇంకా 11 రోజులు

పొద్దున్నే కాసులమ్మ పెద్దమ్మని కుర్చీలో కూర్చోబెట్టి, యంత్రం నా ఒళ్లో పెట్టుకున్నాను. ఆవిడ కళ్లు మూసుకుంది. నేను ఒక్కో మెట్టూ పైకి జరిపాను.

"కాదు. ఇంకా కాదు. ఇది మా బావ గొంతునాగుంది, ఆడు మంచోడు కాదు, మార్సీ." మూడో మెట్టు దగ్గర చెయ్యెత్తింది. "ఆగు. ఈడే. ముక్కుతో కొంచెం నసుగుతాడు సూడు, ఈడే నా కొడుకు. పందొమ్మిదేళ్లప్పుడు ఇలగే మాటాడీవోడు."

ఆవిడ కళ్లు తెరవలేదు. ఇంకోసారి పలికించమంది. ఆరుసార్లు పలికించాను.

యంత్రం మొదట చూపించిన అంకెకీ దీనికీ ఒక్క మెట్టే తేడా. ఆ యంత్రం మొహం చూడటానికి నాకు సాయంత్రం దాకా సిగ్గేసింది.

లిఫ్టుకి ఇంకా 9 రోజులు

కొత్త గొంతుకి పిల్ల ఏడవడం లేదు కానీ దగ్గరికీ రావడం లేదు. గోడ మీద పెట్టె, అందులో ఎవరో, అంతే దానికి. శబ్దం బాగుండాలని నేను ఎత్తుగా పెట్టాను. నాన్న ఎప్పుడైనా గోడ మీద నుంచి మాట్లాడతాడా?

పద్నాలుగేళ్లలో మొదటిసారి, అన్ని విధాలా సరిగ్గా పెట్టిన స్పీకరుని నా చేత్తో దించాను. పడక గది తెర వెనక, కొర్లయ్య ఛాతీ ఎత్తులో పెట్టాను. కొర్లయ్య తెర వెనక నిలబడి, సన్నగొంతు బయటికి రాకుండా మూతికి గిన్నెలాంటి మైకు అదుముకుని మాట్లాడాడు. స్పీకరులోంచి పైగొంతు వచ్చింది. "సంపెంగీ, నానెక్కడున్నాను?"

పిల్ల చాలాసేపు తెర వైపు చూసింది. తర్వాత వెళ్లి తెర లాగింది. వెనక నాన్న ఉన్నాడు. మైకు తీసి నవ్వాడు. పిల్ల తెర మళ్లీ తనే మూసింది.

"ఇంకోపాలి," అంది.

ఆ ఆట నలభైసార్లు ఆడాం. చివరికి కొర్లయ్య గొంతు బొంగురుపోయింది, దాన్ని మాత్రం యంత్రం దిద్దలేకపోయింది.

లిఫ్టుకి ఇంకా 3 రోజులు

సంపెంగి ఇప్పుడు లేవగానే స్పీకరు దగ్గరికి వెళ్లి పైనాన్నని కథ చెప్పమని అడుగుతోంది. నాన్నమ్మది, అమ్మది, నాది కూడా పైగొంతులు చేయించుకుని వింది. నాది విని పడీ పడీ నవ్వింది. నవ్వితే నవ్వింది, భయపడలేదు, నాకు అదే చాలు. పని పూర్తయిందని కొర్లయ్య చేత సంతకం పెట్టించుకున్నాను. ఇంత మంచి పని నేను ఇంతవరకు చేయలేదు.

లిఫ్టు రోజు

తండ్రీ కూతురూ గదిలాంటి డబ్బాలో కూర్చున్నారు, డబ్బాని పైకి లాగారు. ఆరు రోజులు అందులోనే ఉండాలి. ఒత్తిడి మెల్లమెల్లగా తగ్గిస్తారు, ఆఖరి రోజున హీలియం తీసి మామూలు గాలి నింపుతారు. పైడితల్లి ఏడవలేదు. తలుపు మూసుకునేదాకా చెయ్యి ఊపింది, ఇంటికి వెళ్లాక ఏడ్చింది.

లిఫ్టు వెళ్లాక 6వ రోజు

ఈ రోజు గాలి మారుస్తారని పైడితల్లి ఇంట్లోనే ఉన్నాను. పై నుంచి వచ్చే లైనుని ఇంటి స్పీకర్లకి కలిపి పెట్టాను, ఆవిడ పడుకునే వినొచ్చని. పదిన్నరకి వినబడింది మాత్రం డబ్బా చూసుకునే డాక్టర్ రెహానా గొంతు.

"పాప మాట్లాడటం లేదు. గాలి మార్చి నలభై నిమిషాలైంది. ఏం అడిగినా నోరు విప్పడం లేదు. ఇది భయమే అయితే పర్వాలేదు. ఒత్తిడి తగ్గేటప్పుడు మెదడులో గాలి బుడగలు చేరినా మాట పడిపోతుంది. ఏదో నేను తేల్చుకోలేకపోతే మళ్లీ ఒత్తిడి పెంచాల్సిందే. అలా చేస్తే ఈ ఏడు ఆపరేషన్ లేనట్టే. ఇంకో అరగంట చూస్తాను."

పైడితల్లి నా చెయ్యి పట్టుకుంది. గోళ్లు దిగాయి.

"అన్నా, నీ గొంతుకి దడిసిందా?" అని అడిగాను.

"నేదు రత్తం." కొర్లయ్య అందుకున్నాడు. "నా గొంతు ఇని నవ్వింది. నా మెడ సుట్టూ సేతులేసి 'నాన్నా' అన్నాది. అంతే. ఎనక్కి తిరిగి సూసింది. సూసి, నోటి మీద సెయ్యేసీసుకున్నాది. మరి మాట నేదు."

వెనక్కి ఎందుకు చూసింది?

ఎవరు మాట్లాడారో అని చూసింది. తన నోట్లోంచి వచ్చిన గొంతు తనది కాదు కదా. ఇంట్లో అందరి పైగొంతూ వినిపించాను, పనికిరాని నా గొంతు కూడా వినిపించాను. పిల్ల గొంతు పిల్లకి వినిపించలేదు. అది ఒక్కసారి కూడా నా బుర్రకి తట్టలేదు. ఇదివరకు పదకొండు ఇళ్లలో ఈ పని చేశాను, ఒక్క ఇంట్లోనూ తట్టలేదు. వాటిలో ఒక ఇంటి దానయ్య కొడుకు పైకి వెళ్లి రెండు వారాలు మాట్లాడలేదంటే ఇంటి మీద బెంగ అనుకున్నాం. నా తప్పుని వాడి బెంగ అన్నాను.

ఏడవడానికి టైము లేదు. కింది గొంతుని పైవాళ్ల కోసం దిద్దే పరికరం లైనులో ఒకటి ఉంటుంది. దాన్ని తీసేశాను. నా సన్నగొంతు నా సన్నగొంతులాగే వెళ్లాలి, పిల్లకి తెలిసిన అత్తలాగే వెళ్లాలి.

"సంపెంగీ, నానే, రత్తత్తని. ఇనబడతందా? మాటాడకు, తలూపు సాలు."

"తలూపింది," అన్నాడు కొర్లయ్య.

"అక్కడ ఎవులో కొత్త గుంట ఉన్నట్టుందే. ఇందాక 'నాన్నా' అన్నాది సూడు, అదే. నివ్వు బయపడిపోకు. అది కూడా నీ అంతే ఉంటాది. పాపం దానికి అక్కడెవులూ తెలీదు. ఎవులైనా మాటాడితే తప్ప అది మాటాడదు. దాని పేరేటో కనుక్కుంటావేటి?"

 గడియారం చూడాలనిపించింది, చూడలేదు. తర్వాత గుసగుసగా, ఊపిరిలా ఏదో వినబడింది.

"నీ పేరేటి?"

 ఈసారి కొంచెం గట్టిగా, గుండ్రంగా, మేం ఎవరం ఎప్పుడూ వినని ఒక చిన్నపిల్ల గొంతు గదిలోకి వచ్చింది.

"సంపెంగి."

పైడితల్లి దిగ్గున లేచి కూర్చుంది. "ఇదేటే, నా గుంట గొంతా?" అంటూ వెళ్లి స్పీకరు మీద చెయ్యి పెట్టింది. నేను తల ఊపాను. 

"అత్తా," అంది ఆ గొంతు, రహస్యం చెబుతున్నట్టు, "దాని పేరూ సంపెంగేనంట."

"ఓలమ్మా! అలగేటి? దానికక్కడ బయంగా ఉందేమో అడుగు."

అడిగింది. జవాబు కూడా తనే విన్నట్టుంది.

"దానికి బయం నేదంట," అంది సంపెంగి. "నాకే కొంచెం."

అక్కడ నుంచి డాక్టర్ రెహానా అందుకుంది. ఆ కొత్త పాపకి ఎన్ని వేళ్లు కనబడుతున్నాయో, చెయ్యి తిమ్మిరిగా ఉందో లేదో, అన్నీ సంపెంగి చేతే అడిగించింది. కొత్త పాప అన్నిటికీ సరిగ్గా చెప్పింది. ఒత్తిడి పెంచక్కర్లేదంది డాక్టరు. పైడితల్లి స్పీకరు మీది చెయ్యి మాత్రం తీయలేదు.

లిఫ్టు వెళ్లాక 9వ రోజు

నిన్న ఆపరేషన్ అయింది. రంధ్రం మూశారు. సంపెంగి నిలకడగా ఉందని డాక్టర్ రెహానా పొద్దున్నే చెప్పింది. ఇకమీదట నేను ఏ ఇంట్లో పైగొంతు పెట్టినా, మొదట పలికేది ఆ ఇంటి పిల్ల గొంతే. పేటలో మిగతా బిగింపువాళ్లకి కూడా ఈ మాట రాసి పంపాను, నా తప్పు నా పేరుతోనే రాశాను.

మధ్యాహ్నం సంపెంగిని మాట్లాడనిచ్చారు. గొంతు నీరసంగా ఉంది, కానీ ఆగడం లేదు. మంచం ఎత్తు గురించి, జావ గురించి, కిటికీలోంచి కనబడే పెద్ద వెలుగు గురించి చెప్పుకుపోతోంది. మధ్యలో కొర్లయ్య అడ్డం వచ్చాడు, పిల్లని ఆటపట్టించాలని కాబోలు.

"అదంతా సరేగానమ్మా, ఆ రెండో సంపెంగి ఏదీ? రేతిరి నించి కనబడ్డం నేదు."

"అది నానే కద నాన్నా," అంది పిల్ల. "నివ్వు పోల్చుకోనేదేటి?"